హ్రస్వదృష్టి గల దొంగ

1911వ సంవత్సరం, ఆగస్టు 21వ తేదీ, సోమవారం. పారిస్ నగరంలోని లూవ్ర్ మ్యూజియానికి ఆ రోజు వారపు సెలవు. సందర్శకులుండరు, మరమ్మతు పనివారు, ఊడ్చేవారు, పటాలను ఫొటోలు తీసేవారు మాత్రం తిరుగుతూ ఉంటారు. ఆ ఉదయం, మ్యూజియం పనివారు ధరించే తెల్లని పైచొక్కా వంటిదే తొడుక్కొన్న ఒక మనిషి, గోడకు తగిలించి ఉన్న 'మోనాలిసా'ను దించి, మెట్లదారిలోకి వెళ్ళి, చట్రమూ అద్దమూ అక్కడే విడిచిపెట్టి, పటాన్ని మాత్రం తీసుకొని వెళ్ళిపోయాడు. అది గుడ్డ మీద వేసిన చిత్రం కాదు గనుక చాపలా చుట్టడానికి వీలు లేదు. 77 సెంటిమీటర్ల పొడవు, 53 సెంటిమీటర్ల వెడల్పు గల కొయ్యపలక అది. అంతటి వస్తువు పోయినట్లు ఆ రోజంతా ఎవరూ గమనించలేదు. మరునాడు లూయీ బెరో అనే చిత్రకారుడు తన పని మీద వచ్చి, గోడ బోసిగా ఉన్నదేమని అడిగాడు. ఫొటో తీయడానికి పట్టుకొని వెళ్ళి ఉంటారని కాపలావాడు నిశ్చింతగా జవాబు చెప్పాడట. కొన్ని గంటలకు గాని అసలు సంగతి తెలియలేదు.

ఈ దొంగతనాన్ని గురించి గ్రంథాలు ఎన్నో వెలువడ్డాయి. పత్రికలలో ఏటేటా వ్యాసాలు వస్తూనే ఉన్నాయి. నన్ను చాలాకాలంగా ఆకర్షించినది మాత్రం దొంగతనం కంటె, దానిని ఆధారం చేసుకొని నెల తిరగకముందే పారిస్‌లో తెరకెక్కిన ఒక చిన్న మూకీ హాస్యచిత్రం. దాని పేరు 'నిక్ వింటర్ - మోనాలిసా అపహరణ'. తీసినవారు పాథే కంపెనీవారు. కోడిపుంజు గుర్తుతో ఆ రోజులలో ప్రపంచమంతటికీ చలనచిత్రాలు ఎగుమతి చేసిన సంస్థ అది. అప్పటికింకా చార్లీ చాప్లిన్ సినిమా ముఖం చూడలేదు. ఆయన తెరమీదికి రావడం 1914లో. హాస్యచిత్రమంటే ఫ్రెంచివారిదే పెత్తనం. చాప్లిన్ తన గురువుగా చెప్పుకొన్న మాక్స్ లిండర్ కూడ పాథేవారి నటుడే. అమెరికాలో నిక్ కార్టర్ అనే అపరాధ పరిశోధకుని కథలు అణాపుస్తకాలుగా వెల్లువెత్తుతూ ఉంటే, ఆ పేరును వెక్కిరిస్తూ పాథేవారు నిక్ వింటర్ అనే డిటెక్టివును సృష్టించి వరుసగా చిత్రాలు తీశారు. వాటిలో ఇది ఒకటి.

ఈ చిత్రం సంగతి నాకు మొదట తెలిసినది సినిమా చరిత్ర పుస్తకాల వల్ల కాదు. ఫ్రాంజ్ కాఫ్కా జీవితకథ చదువుతూ ఉండగా. 1911 సెప్టెంబరు రెండవ వారంలో, ప్రేగ్ నగరం నుండి ఇద్దరు యువకులు సెలవు గడపడానికి పారిస్ వచ్చారు. ఒకరు కాఫ్కా, రెండవవారు ఆయన ప్రాణమిత్రుడు మాక్స్ బ్రాడ్. ఒకాయన భీమా ఆఫీసు ఉద్యోగి, మరొకాయన తపాలా శాఖ ఉద్యోగి. ఇద్దరికీ రచనావ్యాసంగం ఉన్నది గాని, కాఫ్కా అప్పటికి లోకానికి తెలియదు. వారు లూవ్ర్‌కు వెళ్ళారు. పటం లేని గోడను చూశారు. గుంపులు గుంపులుగా జనం ఆ బోసిగోడ ముందు నిలబడి ఉండడం, అప్పుడే దొంగతనం జరిగినంత ఉద్రేకంతో మాట్లాడుకోవడం కాఫ్కా తన యాత్రా దినచర్యలో వ్రాసుకొన్నాడు. ఉన్నప్పుడు చూడడానికి రానివారు కూడ లేనప్పుడు చూడడానికి వచ్చారు. ఆ తరువాత మిత్రులిద్దరూ ఓమ్నియా పాథే అనే సినిమాహాలుకు వెళ్ళారు. అక్కడ కార్యక్రమం చివర ప్రదర్శించినది ఈ చిత్రమే. దాని వివరమంతా మాక్స్ బ్రాడ్ ఒక వ్యాసంలో వ్రాసి ఉంచాడు.

కథ ఇది. మ్యూజియం అధ్యక్షుడు క్రుమోల్ దొరగారు చెవులు మూసుకొనేలా రాత్రిటోపీ లాగుకొని పక్కమీద నిద్రపోతూ ఉంటారు. తంతి వస్తుంది: మోనాలిసా పోయింది! ఆయన ఉలిక్కిపడి లేచి, తొందరలో రెండు కాళ్ళూ ఒకే పంట్లాము గొట్టంలో దూర్చి, ఒకే కాలికి మేజోళ్ళు రెండూ తొడిగి, పంట్లాము పట్టీలు వెనుక వ్రేలాడుతూ ఉండగా వీధిలోకి పరుగెత్తుతారు. మ్యూజియం గోడ మీద పటం స్థానంలో మేకులు మాత్రం మిగిలి ఉంటాయి. నిక్ వింటర్ దొరగారిని పిలిపిస్తారు. ఆయన నేలంతా పరికించి, ఒక బూటు బొత్తాము కనుగొంటాడు. ఆ కాలపు బూట్లకు లేసులకు బదులు బొత్తాములు ఉండేవని పాఠకులు జ్ఞాపకముంచుకోవాలి. బొత్తాము ఊడిన బూటు ఎవరిదో వాడే దొంగ! కాబట్టి డిటెక్టివు బూట్లు పాలిష్ చేసే కుర్రవాడి వేషం వేసుకొని పారిస్ వీధుల మీద పడతాడు. కాఫీ హోటళ్ళలో కూర్చున్నవారిని, దారిన పోయేవారిని వదలకుండా పట్టుకొని, వద్దు మొర్రో అంటున్నా వినకుండా వారి బూట్లకు పాలిష్ చేస్తాడు. చివరకు బొత్తాము లేని బూటు దొరకనే దొరుకుతుంది. ఆ బూటు ఎవరిది? పాపం, క్రుమోల్ దొరగారిదే. బేడీలు వేస్తారు.

అధికారులు, పోలీసులు, కాపలావారు అందరూ మ్యూజియంలో అటూ ఇటూ పరుగులు తీస్తూ ఉండగా, అసలు దొంగ చంకలో మోనాలిసాను పెట్టుకొని మెల్లగా లోనికి వస్తాడు. దానిని యథాస్థానంలో తగిలించి, పక్కనున్న వెలాస్క్వెజ్ చిత్రం, ఒక రాకుమారిది, దానిని దించుకొని వెళ్ళిపోతాడు. అంతమందిలో ఒక్కరూ వాడిని చూడరు. ఎవరో హఠాత్తుగా మోనాలిసాను గమనించి కేక వేస్తారు. పటం మూలన ఒక చీటీ. దానిలో దొంగ చెప్పుకొన్న సంజాయిషీ: తనకు హ్రస్వదృష్టి, మన్నించవలసినది, నిజానికి తనకు కావలసినది దీని పక్కనున్న పటము.

నేను ఈ కథను బ్రాడ్ వ్రాతలో చదివి ఒకసారి నవ్వుకొన్నాను. తరువాత కొన్నేళ్ళకు ఆ చిత్రాన్నే చూడగలిగి మరొకసారి నవ్వుకొన్నాను. నూరేళ్ళు దాటిన హాస్యం ఇంకా పాడవకుండా ఉండడం సామాన్యం కాదు. నిన్నటి హాస్యం నేటికే చప్పబడిపోతున్న రోజులివి.

అయితే బ్రాడ్ వ్యాసంలో ఒక చిన్న మాట ఉన్నది. తక్కినవారు దానిని దాటి వెళ్ళిపోతారు, నేను వెళ్ళలేకపోయాను. క్రుమోల్ అనే పేరు విన్న ప్రతి ప్రేక్షకునికీ అది ఎవరిని ఉద్దేశించినదో క్షణంలో తెలిసిపోయింది. లూవ్ర్ అధ్యక్షుడు తియోఫిల్ ఓమోల్. ఒక్క అక్షరం మార్పుతో మనిషిని తెరకెక్కించారు. ఓమోల్ సామాన్యుడు కాడు. గ్రీసు దేశంలో డెల్ఫీ పుణ్యక్షేత్రాన్ని 1892 నుండి ఏళ్ళ తరబడి త్రవ్వించి, మట్టిక్రింద పడి ఉన్న దేవాలయాన్నీ విగ్రహాలనూ వెలుగులోకి తెచ్చిన మహాపండితుడు. నెరసిన తలతో, గౌరవప్రదమైన పదవిలో ఉన్నవాడు. ఆయనను ఒకే పంట్లాము గొట్టంలో రెండు కాళ్ళతో గెంతించడం న్యాయం కాదని బ్రాడ్‌కు తోచింది. తోచినదని వ్రాశాడు కూడ. కాని తాను ఆక్షేపించలేకపోయాననీ, నవ్వు ఆపుకోవడమే కష్టమైపోయిందనీ ఆ వెంటనే వ్రాశాడు.

ఇంతకు ఓమోల్ చేసిన అపరాధమేమిటి? దొంగతనం జరిగిననాడు ఆయన సెలవులో ఉన్నారు. అంతకు ముందెప్పుడో మోనాలిసాను దొంగిలించడమంటే నోత్రదామ్ గోపురాలను ఎత్తుకుపోవడం వంటిదని ధీమాగా అన్నారని ప్రతీతి. ఆ మాట ఆయన మెడకు చుట్టుకొన్నది. ఉద్యోగం పోయింది. అంత పెద్ద భవనానికి చాలినంతమంది కాపలావారు లేరన్న సంగతి, ఉన్నవారికి సరైన కట్టుదిట్టాలు నేర్పలేదన్న సంగతి తెరమీద చూపించడానికి వీలుకాదు. పంట్లాము మాత్రం చూపించవచ్చు. హాస్యానికి ఎప్పుడూ ఒక మనిషి కావాలి. వ్యవస్థ దాని చేతికి చిక్కదు.

ఇంకొక సంగతి. మిత్రులిద్దరూ ఆ హాలులో కూర్చుని, బొత్తాము మూలంగా నిరపరాధి అరెస్టు కావడం చూసి నవ్వుతున్న ఆ రోజులలోనే, అదే నగరంలో లా సాంతే కారాగారంలో ఒక నిజమైన నిరపరాధి ఉన్నాడు. ఆయన కవి గియోమ్ అపొలినేర్. సెప్టెంబరు 7వ తేదీన పోలీసులు ఆయనను పట్టుకొన్నారు. కారణం బొత్తాము వంటిదే. ఆయన వద్ద కొంతకాలం పనిచేసిన గెరీ పియెరె అనే ఒక ఆకతాయి, లూవ్ర్ నుండి పూర్వమే కొన్ని చిన్న ప్రాచీన శిలాశిల్పాలు కాజేసి ఉన్నాడు. వాటిలో కొన్నిటిని కొన్నది పికాసో. మోనాలిసా పోయిన గందరగోళంలో ఆ పాత దొంగతనం బయటపడింది. శిల్పాలతో సంబంధమున్నవాడు పటాన్ని మాత్రం ఎందుకు వదులుతాడని పోలీసుల తర్కం. పికాసోను కూడ పిలిపించి ప్రశ్నించారు. కొన్ని రోజులకు అపొలినేర్‌ను విడిచిపెట్టారు గాని, ఆ అవమానం ఆయనను చాలాకాలం వెన్నాడింది. ఆయన పోలండు సంతతివాడు, పరదేశీయుడు. కొన్ని పత్రికలు ఆ మాటను పట్టుకొని ఆడిపోసుకొన్నాయి.

అసలు దొంగ రెండేళ్ళకు గాని దొరకలేదు. విన్సెంజో పెరూజా అనే ఇటలీ దేశపు పనివాడు. లూవ్ర్‌లోని ప్రసిద్ధ చిత్రాలకు రక్షణగా అద్దాలు బిగించిన పనివారిలో తానూ ఒకడు. రక్షణ కోసం అద్దం బిగించిన చేతులే పటాన్ని ఊడదీశాయి. వదలిపోయిన అద్దం మీద వాడి ఎడమచేతి బొటనవ్రేలి ముద్ర స్పష్టంగా ఉన్నది. అంతకు ముందు చిన్న నేరాలకు వాడు పట్టుబడి ఉన్నాడు గనుక పోలీసుల దస్తరాలలో వాడి కాగితమూ ఉన్నది. కాని ఆ దస్తరాలు నిర్వహించిన బెర్టిలన్ పండితుడు మనుష్యులను దేహపు కొలతలను బట్టి వర్గీకరించాడు. వ్రేలిముద్రలు ఉన్నా, కుడిచేతివే ముఖ్యంగా తీసుకొనేవారు. ఆ ముద్ర ఎవరిదో తేలలేదు. తెరమీది డిటెక్టివు ఊరందరి బూట్లు తుడవడానికీ, దీనికీ ఆట్టే భేదం కనిపించదు. మ్యూజియంలో పనిచేసినవారినందరినీ విచారించినప్పుడు పెరూజాను కూడ ప్రశ్నించి వదిలిపెట్టారు.

పటాన్ని పారిస్‌లోని తన గదిలో రెండేళ్ళకు పైగా దాచి, 1913 డిసెంబరులో ఫ్లోరెన్సు నగరానికి తీసుకొనిపోయి, ఆల్ఫ్రెడో జెరీ అనే వర్తకుడికి అమ్మజూపి పెరూజా పట్టుబడ్డాడు. నెపోలియన్ ఎత్తుకుపోయిన ఇటలీ సొత్తును తిరిగి స్వదేశానికి చేర్చానన్నాడు. నెపోలియన్‌కూ దీనికీ సంబంధం లేదు. లియొనార్డో డావించి స్వయంగా ఫ్రాన్సుకు తీసుకొని వెళ్ళిన పటమది. ఏమైనా ఇటలీ ప్రజలు వాడిని దేశభక్తునిగా చూశారు, చెరసాలకు కానుకలు పంపారు. న్యాయస్థానం విధించిన శిక్ష ఒక సంవత్సరం పదిహేను రోజులు. అప్పీలులో అదీ ఏడు నెలలకు తగ్గింది. 1914 జనవరిలో మోనాలిసా లూవ్ర్ చేరింది.

ఇంతవరకు చెప్పినది పుస్తకాలలో ఉన్న సంగతే. ఈ చిత్రం చూసినప్పుడల్లా నాకు నవ్వుతోపాటు మరొకటి కూడ ఎందుకు కలుగుతుందో చెప్పడానికి మా మాతామహుల సంగతి చెప్పాలి.

కృష్ణాతీరంలో మా అమ్మగారి పుట్టిల్లు ఒక చిన్న గ్రామం. తాతగారు అక్కడి వేణుగోపాలస్వామి ఆలయంలో అర్చకులు. 1968లో, నాకు తొమ్మిదేళ్ళప్పుడు, ఒక చలికాలపు తెల్లవారుజామున ఆయన గర్భాలయం తలుపు తీసి చూస్తే మూలవిరాట్టు ఉన్నాడు గాని, ఉత్సవమూర్తులు మూడూ లేవు. పంచలోహ విగ్రహాలు, స్వామివారిది మూరెడెత్తు, అమ్మవార్లవి అంతకంటె చిన్నవి. తలుపుకు వేసిన తాళం వేసినట్లే ఉన్నది. ఆ తాళపుచెవి తాతగారి మొలత్రాటికి ఉన్నది. ఇదీ మా ఇంటి బొత్తాము.

తాలూకా కేంద్రం నుండి పోలీసులు వచ్చారు. తాతగారిని తీసుకొని వెళ్ళి రెండు రోజులు స్టేషను బల్ల మీద కూర్చోబెట్టారు. ఎవరూ చేయి చేసుకోలేదు. మంచినీళ్ళు కూడ ఇచ్చారు. మడి అని ఆయనే త్రాగలేదు. మూడవనాడు ఎద్దుబండిలో తిరిగి వచ్చారు. స్నానం చేసి, ఖాళీ పీఠం మీద కలశం ఉంచి, అందులోకి స్వామిని ఆవాహన చేసి నిత్యపూజ సాగించారు. ఆ వారం రోజులూ ఆ ఆలయానికి వచ్చినంత జనం నేను కల్యాణోత్సవంలో కూడ చూడలేదు. పొరుగూళ్ళ నుండి బళ్ళు కట్టుకొని వచ్చారు. వచ్చినవారు మూలవిరాట్టును చూడలేదు. ఖాళీ పీఠాన్ని చూసి, బుగ్గలు నొక్కుకొని, తలుపు తాళం పరీక్షగా చూసి, తాతగారి వంక ఒక చూపు చూసి వెళ్ళారు. కాఫ్కా వ్రాసిన ఆ నాలుగు ముక్కలు చదివినప్పుడు నాకు పారిస్ కనబడలేదు.

ఆ తరువాత నెల రోజులకు తోలుబొమ్మలవాళ్ళు వచ్చారు. తెల్లతెర కట్టి, వెనుక దీపాలు పెట్టి, మైరావణ కథ ఆడారు. తోలుబొమ్మలాటలో రామాయణం ఎంత ఉంటుందో బంగారక్క, జుట్టుపోలిగాడు అంత ఉంటారు. ఊరి సంగతులన్నీ ముందుగా వాకబు చేసుకొని, ఆ ఇద్దరి నోటా పలికించడం ఆ ఆటగాళ్ళ విద్య. మైరావణుడు రామలక్ష్మణులను ఎత్తుకుపోయిన ఘట్టంలో ఆట ఆగింది. పోలిగాడు ఎగురుకుంటూ వచ్చాడు.

"ఏమే బంగారక్కా, మీ ఊరి గుళ్ళో సామి ఏడే?"

"ఊరొదిలి పోయాడురా."

"తాళం ఎవరు తీశారే?"

"ఆయనే తీసుకొని, ఆయనే వేసుకొని పోయాడు. అయ్యవారి చక్కెరపొంగలిలో నెయ్యి కోసం వెతికి వెతికి విసిగిపోయి, నెయ్యి ఉన్న ఊరు చూసుకొన్నాడురా!"

ఊరు ఊరంతా ఘొల్లుమన్నది. మా ఇంటి ఆడవారు కూర్చున్న చాప మీద మాత్రం చప్పుడు లేదు. అమ్మమ్మ లేచి, కొంగు భుజం చుట్టూ కప్పుకొని, చీకటిలో ఇంటికి వెళ్ళిపోయింది. ఆ మాటలో చమత్కారం లేదని నేను ఇప్పుడూ అనను. తాళం పగలలేదన్న ముడిని ఒక్క వాక్యంలో విప్పిన హాస్యమది. పాథేవారి చీటీకి ఏమాత్రం తీసిపోదు.

మరునాడు వాడుక ప్రకారం ఆ బృందం పెద్ద, ఇల్లిల్లూ తిరిగి ధాన్యం వసూలు చేసుకొంటూ మా గుమ్మంలోకి వచ్చాడు. రావడానికి జంకాడని చూస్తేనే తెలిసింది. తాతగారు తానే లోనికి వెళ్ళి మానిక నిండా బియ్యం తెచ్చి వాడి జోలెలో పోశారు.

"తప్పు కాయండి అయ్యవారూ. నోటికొచ్చిన మాట ఆడి పొట్ట పోసుకొనేవాళ్ళం" అన్నాడు వాడు.

"తప్పేముందిరా? నెయ్యి తక్కువన్న మాట నిజమే. గుడిమాన్యం కౌలు చేసేవారు నేతి పద్దు ఇవ్వడం మానేసి ఆరేళ్ళయింది. ఆ మాట కూడా బంగారక్క చేత అనిపించి ఉంటే ఇంకా నవ్వేవారు" అన్నారు తాతగారు.

పక్క ఊళ్ళో ఆ మాట కూడ కలిపి ఆడారని తరువాత విన్నాం. మా ఊళ్ళో కౌలుదారులెవరో అందరికీ తెలుసు గనుక అక్కడ మాత్రం ఎన్నడూ ఆడలేదు.

పెద్దవాడినయ్యాక ఎందరికో ఈ సంగతి చెప్పాను. తాతగారి ఔదార్యాన్ని అందరూ మెచ్చుకొంటారు. మెచ్చుకోవలసినదే. కాని అమ్మమ్మ ఆ ఏడాది చెరువుకు నలుగురితో కలిసి వెళ్ళడం మానేసి, చుక్క ఉండగానే లేచి ఒంటరిగా వెళ్ళి బిందె నింపుకొని వచ్చేదన్న మాట చెబితే, మాట మరొకదాని మీదికి మళ్ళుతుంది. ఓమోల్ దొరగారి ఇంట్లో ఎవరున్నారో, ఆ చిత్రం సంగతి విని వారు ఏమనుకొన్నారో నాకు కనబడిన పుస్తకాలలో లేదు. నాకు తెలిసినది మా ఇంటి సంగతే.

క్రుమోల్‌కు బేడీలు తీసేస్తారు. దానికి కారణం దొంగ తిరిగి రావడం. చీటీ పెట్టి, పొరపాటు తనదని ఒప్పుకోవడం. ఓమోల్‌కు కూడ, ఉద్యోగం తిరిగి రాకపోయినా, దొంగ ఫలానా అద్దాలవాడని 1913లో తేలింది. అపొలినేర్‌కూ తేలింది. తాతగారికి తేలలేదు. విగ్రహాలు దొరకలేదు, దొంగ దొరకలేదు. ఊరిలో ఎవరూ ఆయనను ముఖాన ఒక్క మాట అన్నది లేదు. ఆయనే దొంగ అని నమ్మినవారు కూడ లేరనే నా విశ్వాసం. కాని తాళపుచెవి సంగతి మాత్రం ఎవరూ మరచిపోలేదు. 1974లో చందాలు వేసుకొని కొత్త ఉత్సవమూర్తులను పోత పోయించారు. ప్రతిష్ఠ తాతగారే చేశారు. ప్రతిష్ఠ అయిన మరుక్షణం తాళపుచెవి ధర్మకర్తగారి చేతిలో పెట్టి, ఇకమీదట ఉదయం తలుపు తీయడానికి మనిషిని పంపండి, నేను లోపల పూజ మాత్రం చేస్తాను అన్నారు. చనిపోయేదాకా మళ్ళీ దానిని తాకలేదు.

నవ్వకూడదని నేననడం లేదు. గద్దెల మీద ఉన్నవారు నిద్రపోతున్నారని జనానికి చెప్పడానికి తెల్లకాగితం మీద వ్రాసిన నివేదికలు పనికిరావు. ఒక్క బంగారక్క చాలు. మన దేశంలోనే చూడండి. 2004 మార్చిలో శాంతినికేతనం మ్యూజియం నుండి రవీంద్రుని నోబెల్ పతకం దొంగలపాలయింది. 1913లో, అంటే మోనాలిసా తిరిగి దొరికిన సంవత్సరంలోనే, ఆయనకు ప్రకటించిన బహుమతి అది. కేంద్ర పరిశోధక సంస్థ వెతికి వెతికి దస్తరం మూసింది. నోబెల్ సంస్థవారు నకళ్ళు ఇచ్చారు. అసలు నేటికీ లేదు. దాని మీద వంగభాషలో సుమన్ ఘోష్ 'నోబెల్ చోర్' అనే చలనచిత్రం తీశారు, 2012లో విడుదలయింది. ఆ పతకం అనుకోకుండా చేజిక్కిన ఒక పేద రైతు పాట్లు అందులో కథ. మిథున్ చక్రవర్తి ఆ రైతు. ఆ చిత్రంలో వ్యంగ్యం ఉన్నది, కాని అది కిందనున్నవాడి మీద కాక పైనున్నవారి మీద సాగుతుంది. పాథేవారికి పంట్లాము దొరికింది, సుమన్ ఘోష్ దాని జోలికి పోలేదు. రెండింటిలో ఏది ఎక్కువ నవ్విస్తుందంటే పాథేవారిదే అని ఒప్పుకోక తప్పదు.

పాథేవారి ఆ కొద్ది నిమిషాల బొమ్మ, వారం తిరిగితే మరచిపోవడానికి తీసినది, నేటికీ పదిలంగా ఉన్నది. చేతిలోని ఫోనులో ఎవరైనా చూడవచ్చు. రఘుపతి వెంకయ్యగారు, ఆయన కుమారుడు ప్రకాష్ కలిసి మద్రాసులో 1921లో తీసిన 'భీష్మప్రతిజ్ఞ' మాత్రం నేడు మనకు లభించదు. తెలుగువారు తీసిన మొదటి మూకీలలో అది ఒకటి. మన మూకీ యుగంలో వెయ్యికి పైగా చిత్రాలు తయారైతే మిగిలినవి బహుస్వల్పం. వాటిని ఎవరూ దొంగిలించలేదు. వెండి కోసం కరిగించారు, ఎండకూ తేమకూ వదిలేశారు. అవి పోయినప్పుడు ఏ గోడ దగ్గరా జనం గుమిగూడలేదు.

ఆ హాస్యచిత్రాన్ని మూడవసారి చూసినప్పుడు ఒక సంగతి గమనించాను. చివరి దృశ్యంలో మోనాలిసా దొరికినందుకు అందరూ గంతులు వేస్తారు. వెలాస్క్వెజ్ రాకుమారిని గురించి విచారించే తీరిక ఎవరికీ ఉండదు. చీటీలో వ్రాసి ఉన్నది గదా, పక్కపటం కావాలని! చదివిన తరువాత కూడ, పోయిన పటం కంటె దొరికిన పటం మీదే వారి దృష్టి. ప్రేక్షకుని దృష్టి కూడ అంతే. దొంగకు ఒక్కడికే హ్రస్వదృష్టి అనుకోవడానికి లేదు.

తమిళనాడులోని శ్రీపురందాన్ ఆలయం నుండి పోయిన నటరాజ విగ్రహం ఆస్ట్రేలియా జాతీయ కళాశాలలో తేలి, 2014లో మన దేశానికి తిరిగి వచ్చినప్పటి నుండి నాకొక అలవాటు అయింది. విదేశాల మ్యూజియములవారు తమ వద్దనున్న దక్షిణదేశపు కంచు విగ్రహాల ఫొటోలను ఇప్పుడు కంప్యూటరులో అందరికీ చూపుతున్నారు. నెలకొకసారి కూర్చొని వేణుగోపాలుని విగ్రహాలన్నీ వరుసగా చూస్తాను. తాతగారు పోలీసులకు ఇచ్చిన వాఙ్మూలంలో ఒక గుర్తు ఉన్నది. అమ్మ నాకు చెప్పింది. తరతరాల అభిషేకాల వల్ల స్వామివారి కుడిపాదం చిటికెనవ్రేలు అరిగి నున్నబడి, పక్కవ్రేలితో కలిసిపోయినట్లుండేదట. చాలా ఫొటోలలో పాదాలు సరిగా కనబడవు. కిందటి నెలలో ఒకటి కనబడింది, మూరెడెత్తు, కుడికాలు అడ్డంగా మడిచి నిలిచినది. ఫొటోను ఎంత పెద్దది చేయవచ్చునో అంత చేసి చూశాను. అయిదు వ్రేళ్ళూ విడివిడిగా ఉన్నాయి.